వచ్చే ఏటి నేల

మిగతా అందరికీ కాలం గోడ మీది క్యాలెండరులో ఉంటుంది. నాగమణమ్మకు కాళ్ల కింద ఉంటుంది.

ఉప్పుగూడలో రైలు పట్టాల పక్కన ఉన్న బస్తీ ఆమెది. బస్తీ చివర చిన్న అమ్మవారి గుడి. ఆషాఢంలో బోనాలు ఎత్తిన మర్నాడు పొద్దున, ఆ గుడి ముందు, కాల్చని పచ్చికుండ మీద నిలబడి రాబోయే ఏడు ఎలా ఉంటుందో చెప్పే వంతు ఆమె ఇంటి ఆడవాళ్లది. రంగం అంటారు దాన్ని. మేనత్తకు మోకాళ్లు పట్టేశాక ఆ వంతు నాగమణమ్మకు వచ్చింది. చెప్పేది మనిషి కాదు, మనిషి ఒంటి మీదికి వచ్చిన తల్లి. కుండ దిగాక ఆ మనిషికి ఒక్క ముక్కా గుర్తుండదు. బస్తీలో చిన్నపిల్లలకు కూడా తెలిసిన సంగతి ఇది.

నాగమణమ్మకు మాత్రం అంతా గుర్తుంటుంది.

మొదటి ఏడు కుండ దిగి, మొహాన పసుపునీళ్లు పడి, గుడి అరుగు మీద కూలబడ్డప్పుడు మేనత్త వంగి చెవిలో అడిగింది. "ఏమన్న యాదికున్నదా బిడ్డా?"

జనం అడిగిన ప్రతి ప్రశ్నా, తాను చెప్పిన ప్రతి జవాబూ తోమి బోర్లించిన గిన్నెల్లా కళ్లముందు మెరుస్తున్నాయి. నాగమణమ్మ లేదని తల ఊపింది. మేనత్త దిష్టి తీసి మెటికలు విరిచింది.

లోపం తనలోనే ఉందనుకుంది నాగమణమ్మ. తల్లి అందరి ఒంట్లోకీ నిండుగా వస్తుంది. తన ఒంట్లో మాత్రం ఒక మూల ఖాళీగా వదిలేస్తుంది. ఆ మూలలో తాను కూర్చొని అంతా చూస్తుంటుంది. లేకపోతే తల్లి అసలు రానే... ఈ రెండో మాటను ఆమె ఎన్నడూ చివరిదాకా అనుకోలేదు. సగంలో వదిలి లేచి ఏదో ఒక పనిలో పడేది.

కానీ నేల మాత్రం నిజం.

బోనాలకు ముందు ఒక్కపొద్దులుండే రోజుల్లో, మధ్యాహ్నం తలస్నానం చేసి, తడిజుట్టు విరబోసుకొని వట్టి బండల మీద పడుకుంటుంది. కన్ను మూతపడగానే అరికాళ్లకు ఆ నేల తగులుతుంది. వెనకవైపంతా ఎత్తు. నల్ల గుండ్ల మధ్య నుంచి మెట్లు మెట్లుగా పైకి పోతుంది. ఒక్కో మెట్టు ఒక్కో ఏడు. గడిచిపోయిన ఏళ్లు గట్టిపడి రాళ్లయ్యాయి. పెళ్లయిన ఏడు ఇరుకు సందు; ఇద్దరు పక్కపక్కన నడవలేరు. మొగుడు పోయిన ఏడు పల్లం. ఏ ఎండకూ ఇంకని నీళ్లు అక్కడ. వాన ఇళ్లలోకి వచ్చి మంచాలు తేలిన ఏడు ఇప్పటికీ బురదే; అడుగు వేస్తే చెప్పు దాంట్లోనే ఉండిపోతుంది. ముందువైపు మాత్రం చదును. అక్కడ ఇంకా ఏదీ గట్టిపడలేదు. దున్ని వదిలిన చేనులా మెత్తటి మన్ను, దాని మీద సాంబ్రాణి పొగలాంటి మసక. ఆ చదును వచ్చే బోనాల దాకా పోయి ఒక వాగు దగ్గర ఆగిపోతుంది. వాగు అవతలికి ఆమె ఎన్నడూ పోలేదు.

ఆ చదునులోనే తిరిగి చూసుకొని వచ్చేది. గుంతల్లో నీళ్లుంటే వానలు. ఈగలు ముసిరితే జ్వరాలు. ఎక్కడైనా అరికాలు చురుక్కుమంటే ఆ నెలలో నిప్పు భయం. చూసిందే కుండ మీద చెప్పేది. అంతే ఆమె విద్య.

ఆ నేల మీద మనుషులు కనబడరు. వాళ్లు నడిచిన బాటలు కనబడతాయి, గుట్ట మీద మేకలు పోయే దారుల్లాగా. కొడుకు అంజన్ పుట్టిన ఏటి మెట్టు మీద, ఆమె బాట పక్కనే, ఇంకో బాట మొదలవుతుంది. మొదట్లో అది వేలెడంత. అటూ ఇటూ పోతుంది, అలిగి దూరం జరుగుతుంది, మళ్లీ వచ్చి ఆమె బాటను రాసుకుంటూ కిందికి దిగుతుంది. ఎన్ని మధ్యాహ్నాలు చూసినా ఆమెకు తనివి తీరేది కాదు.

ఈ ఏడు, ముందున్న చదునులో, ఆ బాట కొంచెం దూరమే పోయింది. ఆ తర్వాత లేదు.

పక్కకు తిరిగిందేమో అనుకుంది మొదటి రోజు. మసకలో వంగి వెతికింది. కుడివైపు లేదు, ఎడమవైపు లేదు. తెగిన చోట మన్ను ఎవరూ తొక్కనట్టు నున్నగా ఉంది. తన బాట మాత్రం ఏమీ కానట్టు, సిగ్గులేకుండా, వాగు దాకా పోతున్నది.

బాట తెగడమంటే ఏమిటో ఆమెకు తెలుసు. వెనకటి ఒక ఏడు పక్కింటి మాణిక్యమ్మ మొగుడి బాట ఇలాగే తెగి కనబడింది. తల్లి నోట ఒక ఇంటి పేరు, ఒక మనిషి పేరు రాకూడదు. వానలు, పంటలు, రోగాలు, బస్తీ మొత్తం క్షేమం, ఇవే రావాలి. అందుకని ఆ ఏడు "ఒక దీపం కొండెక్కుతది" అని ఊరుకుంది. దసరా లోపల ఆ మనిషి పోయాడు. "తల్లి ముందే చెప్పింది," అని బస్తీ దండం పెట్టుకుంది. మాణిక్యమ్మ కూడా పెట్టింది.

రోజూ మధ్యాహ్నం ఆ నేల మీదికి పోయింది నాగమణమ్మ. ఇళ్లలో చేసే వంటపనికి సెలవు పెట్టి మరీ పోయింది. నిద్ర పట్టకపోతే కళ్ల మీద తడిగుడ్డ కట్టుకొని పడుకుంది. ఎంత వెతికితే అంత పాడైంది. ఆమె అడుగులే మన్నంతా తొక్కేశాయి. ఏది కొడుకు జాడో, ఏది నిన్న తాను చేసిన గుర్తో తేడా తెలియకుండా పోయింది. నేను భయపడుతున్నాను గనక బాట తెగిందా, తెగింది గనక భయపడుతున్నానా అని లోపలి మూలలో కూర్చున్న మనిషి అడిగేది. జవాబు ఎవరు చెప్పాలి?

* * *

అంజన్ ఫ్లెక్సీలు కట్టే పని చేస్తాడు. బోనాల నెలంతా అతనికి నేల మీద కాలు నిలవదు. గల్లీ గల్లీకి స్వాగత తోరణాలు, స్తంభం స్తంభానికి నాయకుల మొహాలు, ఇనుప చువ్వల చట్రాలకు బిగించి పైకెత్తి కట్టాలి. ఒక రోజు మధ్యాహ్నం అన్నానికి వచ్చేసరికి నాగమణమ్మ బండల మీద, నుదుట చెమటతో, చేతులు రెండూ నేలను తడుముతూ నిద్రలో ఉంది.

"అమ్మా," అని కుదిపాడు. "ఏంది రోజు గిట్ల పండుకుంటున్నవ్? తల్లి నిద్రల ట్రైనింగ్ ఇస్తుందా?"

ఆమె లేచి కూర్చొని అతని మొహం వైపు చాలాసేపు చూసింది. గడ్డం మీద బంక అంటుకొని ఉంది.

"అన్నం పెట్టుడు ఉన్నదా, నన్ను చూస్తనే కడుపు నిండుతదా?"

పచ్చిపులుసు కలుపుకుంటుంటే ఎదురుగా కూర్చుంది. "ఈ పని ఇడిసిపెట్టు బిడ్డా. ఈ ఒక్క ఏడు."

"ఎందుకు?"

"ఊకెనే. కరెంటు తీగల నడుమ పని. నాకు భయమైతుంది."

"ఇన్నేండ్ల సంది లేని భయం ఇప్పుడెక్కడికెంచి వచ్చింది? లైన్ బంద్ చేసినమని కరెంటోళ్లు ఫోన్ల చెప్తెనే నేను నిచ్చెన మీద కాలు పెడ్త. తెల్సా నీకు? మావోళ్లందరు నవ్వుతరు నన్ను. 'అంజన్ భాయ్‌కు ఫోన్ వస్తెనే పానం ఉంటది' అని." నవ్వి, ముద్ద నోట్లో పెట్టుకొని, ఆగాడు. "కలగిట్ల ఏమన్న పడ్డదా?"

నాలుక చివరి దాకా వచ్చింది. కల పడ్డదంటే ఏం కల అంటాడు. చెపితే, ఆ నేల నీకు ఎట్లా తెలుసు, అది తల్లి చూసేది గద అంటాడు. ఆ మెట్ల మీద అతని బాల్యమంతా తాను తిరిగి చూసిందని, కుండ మీద మాట్లాడింది ఇన్నేళ్లూ తానేనని చెప్పాలి. చెపితే నమ్ముతాడా? నమ్మితే, ఆ తర్వాత దేన్ని నమ్ముతాడు?

"ఏం పడలే," అంది.

"మరింకేంది ఫికర్. పులుసు జర పొయ్యి."

ఆదివారం బోనం ఎత్తుకొని వరుసలో నిలబడ్డప్పుడు ఆమెకు ఆ ఆలోచన వచ్చింది. నెత్తి మీద కుండ, కుండ మీద దీపం, ముందూ వెనకా డప్పులు, మెడ తిప్పే వీలు లేదు. అలా ఒకే వైపు చూస్తూ నిలబడితే ఆలోచన కూడా ఒకే వైపు పోతుంది. కుండ మీద చెప్పిన మాట తప్పదు. బస్తీలో అందరి నమ్మకం అది. ఆమె నమ్మకం కూడా. ఇన్నేళ్లూ నేల మీద ఉన్నదాన్ని మాటగా తెచ్చింది. మాటే ముందు పోతే? మెత్తటి మన్ను గద అది, ఇంకా గట్టిపడలేదు గద. లేని బాటను ఉందని కుండ మీద నిలబడి చెపితే, నేల ఆ మాట వినక చస్తుందా?

తల్లి పేరు మీద అబద్ధం. అయినా గుడి మెట్లు ఎక్కేసరికి ఆమె నిశ్చయించుకుంది.

* * *

సోమవారం పొద్దున గుడి ముందు ఇసుక వేస్తే రాలనంత జనం. రాత్రి కురిసిన వానకు గల్లీ ఇంకా తడిగా ఉంది. నాగమణమ్మకు మొహమంతా పసుపు, చేతిలో వేపకొమ్మలు. మాణిక్యమ్మ ఒక పక్క, ఇంకెవరో ఒక పక్క పట్టుకొని పచ్చికుండ మీదికి ఎక్కించారు. సాంబ్రాణి పొగ మొహాన కొట్టింది. డప్పు ఆగింది. ఆమె నేల మీద నిలబడి ఉంది, ఇక్కడి నేల కాదు.

గుడి కమిటీ పెద్ద మొగులయ్య చేతులు జోడించి ముందుకు వచ్చాడు. "తల్లీ, ఈ ఏడు వానలు ఎట్ల పడ్తయి?"

"పడ్తయి బాలకా. దండిగ పడ్తయి. నాలలు సాఫ్ చేసుకోండ్రి." నోరు చెపుతున్నది. కాళ్లు చదును మీద పరుగెత్తుతున్నాయి.

"రోగాలు, నొప్పులు?"

"జరాలున్నయి. పిల్లలు పైలం." అంజన్ బాట దొరికింది. దాని వెంబడి పోయింది. తెగిన చోటికి వచ్చింది.

"మేం చేసిన పూజల నీకు సంతోషమేనా తల్లీ?"

ఆ మాటకు జవాబు ఆలస్యమైంది. ఆమె ఆ నున్నటి మన్ను మీద మోకాళ్ల మీద పడింది. పది వేళ్లూ మట్టిలో గుచ్చి తన వైపు లాగింది. గీరింది. బాట చేస్తున్నది. ఒక జానెడు. ఇంకో జానెడు. గీరిన చోట మన్ను మళ్లీ కూడుకుంటున్నది, నీళ్లను చేత్తో చీల్చినట్టు. గోళ్లు మండాయి. జనానికి కనబడింది మాత్రం వేరు: కుండ మీద నిలబడ్డ తల్లి గాలిని రెండు చేతులా చీరుతున్నది. ఆడవాళ్లు వెనక్కి జరిగారు. ఎవరో కొబ్బరికాయ కొట్టారు.

"తప్పేమన్న జరిగిందా తల్లీ?" మొగులయ్య జోడించిన చేతులు నుదుటికి ఎత్తాడు. "ఏం కావాలెనో చెప్పు."

అప్పుడు ఆమె నోరు తెరిచింది. "అంజన్."

తల్లి ఎన్నడూ ఒక మనిషి పేరు పెట్టి పిలవలేదు.

"అంజన్‌కు ఏం గాదు. వాడు నా బిడ్డ. వాణ్ని నిప్పు ముట్టదు, పిడుగు ముట్టదు. వచ్చే బోనాల దాక నా కొంగు కింద ఉంటడు. ఇది నా మాట."

కాళ్ల కింద నేల మారిందో లేదో చూద్దామని వంగింది. పొగ దట్టమైంది. మొహాన పసుపునీళ్లు పడ్డాయి, ఎవరివో చేతులు ఆమెను కుండ మీద నుంచి దించాయి.

అరుగు మీద కూర్చోబెట్టాక అలవాటు ప్రకారం కళ్లు ఆర్పి, ఎక్కడున్నానో తెలియనట్టు చుట్టూ చూసింది. అంజన్ జనాన్ని తోసుకుంటూ వచ్చి ఆమె కాళ్ల దగ్గర కూలబడ్డాడు. మెడలో ఎవరో వేసిన బంతిపూల దండ. కళ్లు తడిగా ఉన్నాయి.

"అమ్మా, తల్లి ఏమన్నదో తెల్సా?"

"నాకేం యాదికుంటది బిడ్డా."

"నా పేరు తీసింది. ఇంతమంది ముంగట. నిప్పు ముట్టదన్నది, పిడుగు ముట్టదన్నది. నేను తన బిడ్డనట." ముంజేత్తో ముక్కు తుడుచుకున్నాడు. చిన్నప్పుడు కూడా అలాగే తుడుచుకునేవాడు.

ఆమెకు గుండె మీది బండ కొంచెం జరిగినట్టయింది. అంతలో ఎవరో అరిచారు. ఊరేగింపులో అమ్మవారికి నైవేద్యాలు తెచ్చే ఫలహారం బండి గల్లీ మొదట్లోనే ఆగిపోయింది. స్వాగత తోరణం కిందికి జారింది, బండి దాని కింద పట్టడం లేదు. అంజన్ లేచి నిలబడ్డాడు.

"నేను చూస్త, ఆగుండ్రి."

"లైన్ బంద్ చేసిన్రా?" అంది నాగమణమ్మ.

"ఇగ లైన్‌తోని ఏం పని అమ్మా?" నవ్వాడు. ఆ నవ్వులో వేళాకోళం లేదు, అందుకే ఆమెకు భయం వేసింది. "ఫోన్ చేసి, వాళ్లు వచ్చి, గంట అయితది. తల్లి చెప్పినంక గూడ భయపడితె తల్లిని నమ్మనట్టే గద."

పోయాడు.

పట్టుకున్న చేతులను విదిలించుకొని ఆమె వెంట పరుగెత్తింది. తడి గల్లీలో కాలు జారింది, లేచింది. ఆమె చేరేసరికి అతను నిచ్చెన సగం ఎక్కాడు. ఎడమచేత్తో ఇనుప చట్రాన్ని పట్టి పైకి లేపుతున్నాడు. చట్రం కొసకూ తీగలకూ మధ్య సందు తరుగుతున్నది. కింద నలుగురు తాళ్లు పట్టుకొని ఉన్నారు, ఎవరి మొహంలోనూ జంకు లేదు. ఫోన్ వస్తేనే పానం ఉంటదని నవ్వినవాళ్లే వాళ్లు. ఇవాళ ఎవరూ ఫోన్ మాట ఎత్తలేదు.

"దిగు బిడ్డా." నిచ్చెన పట్టుకుంది. "అది తల్లి చెప్పలే. నేను చెప్పిన."

అంజన్ కిందికి చూశాడు. "ఏందమ్మా?"

"నేనే చెప్పిన. నాకు అంత యాదికుంటది. ప్రతి ఏడు యాదికుంటది. నీకేం గావొద్దని అబద్ధం చెప్పిన. తల్లి రాలేదు, నేనే మాట్లాడిన. దిగు."

ఇన్నేళ్లు మోసిన మాట ఇంత తేలిగ్గా బయటికి వచ్చింది. ఆకాశం విరిగి పడుతుందనుకుంది. ఏమీ పడలేదు. తాళ్లు పట్టుకున్నవాళ్లు మొహమొహాలు చూసుకున్నారు. మొగులయ్య వగర్చుతూ వచ్చి మెల్లగా ఆమె భుజం పట్టుకున్నాడు.

"తల్లి ఇంక ఒంట్లకెంచి దిగినట్టు లేదు," అన్నాడు అందరితో, గౌరవంగా. "తల్లి పోయేటప్పుడు గిట్లనే మనిషిని పరేషాన్ చేస్తది. అక్కా, జర కూసో. నీకు సోయి లేదు."

"ఉన్నది నాకు సోయి. మొగులన్నా, నీ బాంచెన్, వాణ్ని దించు."

మాణిక్యమ్మ వచ్చి నడుం పట్టుకుంది. "నడువే నాగమణీ. నువ్వు అబద్ధం చెప్తవా, నా మొగుని సంగతి చెప్పింది నువ్వేనా ఏంది?"

"నేనే. నేనే చెప్పిన మాణిక్యా."

మాణిక్యమ్మ ఒక క్షణం కళ్లలోకి చూసి, జాలిగా, చెంప నిమిరింది. "పిచ్చిదానా," అంది.

పైనుంచి అంజన్ గొంతు. "అమ్మను ఇంటికి తీస్కపోండ్రి. ఉపాసాలకు తిరిగింది తల." చట్రం ఇంకో జానెడు లేచింది.

తన నిజం ఇక్కడ ఎవరికీ పనికిరాదని ఆమెకు ఆ క్షణంలో తెలిసింది. కన్నతల్లి మాటకు నిచ్చెన మీద ఒక్క మెట్టు బలం కూడా లేదు. ఆమె కొప్పు లాగి జుట్టు విరబోసింది. కనుగుడ్లు పైకి తిప్పింది. పొట్ట అడుగు నుంచి, ఇన్నేళ్లూ కుండ మీద వాడిన ఆ గొంతును పైకి లాగింది.

"దిగురా."

డప్పు కొట్టేవాడి చేయి గాలిలో ఆగింది.

"నా మాట పట్టుకొని నన్నే పరీక్ష చేస్తవా? ఇనుము కిందికి దించు."

అంజన్ చేతిలో చట్రం ఆగింది. ఒక్క ప్రశ్న వేయలేదు. మెల్లగా కిందికి వదిలాడు, మెట్టు మెట్టు దిగాడు, తడి నేల మీద సాష్టాంగపడ్డాడు. "తప్పైంది తల్లీ."

"ఈ ఏడు స్తంభం ఎక్కొద్దు నువ్వు. నిచ్చెన ముట్టొద్దు."

"గట్లనే తల్లీ." పచ్చిపులుసు కలుపుకుంటూ అతను నవ్వి తీసేసిన మాటే అది. ఇప్పుడు మొత్తం గల్లీ ముందు నుదురు నేలకు ఆనించి ఒప్పుకున్నాడు.

మొగులయ్య లైన్ ఆపమని ఫోన్ చేయించాడు. జనం వలయంగా నిలబడ్డారు. మాణిక్యమ్మ చెంబుతో పసుపునీళ్లు తెచ్చింది. "శాంతించు తల్లీ, దిగు. ఒళ్లు అలిసిపోయింది దానికి."

నాగమణమ్మ ఆ చెంబును చూసింది. ఆ నీళ్లు పడితే తాను మళ్లీ తల తిరిగిన అమ్మ అవుతుంది. రేపు పొద్దున అతను లేస్తాడు, ఇంటి బయటికి పోతాడు, బస్సుల మధ్య, లారీల మధ్య, తీగల కింద, ఆమె ఎరగని ఎన్నో చోట్ల తిరుగుతాడు. పైలం బిడ్డా అంటే నవ్వుతాడు. చేయి విసిరి చెంబును కొట్టింది. నీళ్లు రోడ్డు మీద పసుపుగా పారాయి.

"శాంతించలే," అని గుసగుసలు. "ఇంకేదో అడుగుతున్నది."

"ఏం కావాలె తల్లీ?" అన్నాడు మొగులయ్య. "ఎప్పుడు దిగుతవు?"

అంజన్ లేచి, చేతులు జోడించి, గుళ్లో నిలబడ్డట్టు కాస్త దూరంగా నిలబడ్డాడు. అతని కుడి అరచేయి ఇనుప చువ్వకు చీరుకొని రక్తం మణికట్టు మీదుగా కారుతున్నది, అతను గమనించలేదు. ఆమె చేయి కొంగు కోసం కదిలింది. తల్లి మనుషుల గాయాలకు కట్టు కట్టదు. చేతిని వెనక్కి తీసుకొని, కళ్లు ఇంకా పైకి తిప్పి, వేపకొమ్మను గట్టిగా పట్టుకొని అలాగే నిలబడింది.